ధర్మార్థం ఇచ్చిన భూమి: ఇంగ్లండు మఠాల మూసివేత

ఇంగ్లండు ఉత్తర ప్రాంతమైన యార్క్‌షైర్‌లో ఫౌంటెన్స్ అనే చోట ఒక మహా మఠం శిథిలాలున్నవి. ఎత్తయిన రాతిగోడలు, స్తంభాల వరుసలు, అద్దాలు లేని కిటికీలు నేటికీ నిలిచి ఉన్నవి. పైకప్పు మాత్రం లేదు. ఒకప్పుడు సన్యాసులు ప్రార్థనకు నిలిచిన చోట ఇప్పుడు పచ్చగడ్డి పెరుగుతున్నది. ఇటువంటి కప్పులేని గోడలు ఆ దేశంలో అనేకచోట్ల కనిపిస్తాయి. వీటిని భూకంపం కూల్చలేదు, పరాయి సైన్యమూ కూల్చలేదు. ఆ దేశపు రాజే చట్టం చేయించి, ఆస్తులు లెక్క కట్టించి, మఠాధిపతుల చేత సంతకాలు చేయించి వీటిని మూయించాడు. 1536 నుండి 1540 వరకు, అంటే నాలుగేళ్ళ వ్యవధిలో, ఇంగ్లండు, వేల్స్ ప్రాంతాలలో సుమారు 800 మఠాలు మూతపడినవి. దాదాపు పదివేల మంది సన్యాసులు, సన్యాసినులు వీధిన పడినారు.

ఐదు వందల ఏళ్ళనాటి ఈ క్రైస్తవ చరిత్రతో మనకేమి పని అని పాఠకులకు సందేహం కలుగవచ్చు. సన్యాసాన్ని ఇస్లాం ధర్మమార్గంగా విధించలేదు. వివాహం, కుటుంబం, సమాజం మధ్య జీవిస్తూనే దైవదాస్యం చేయమని మన ధర్మం బోధిస్తుంది. అయినప్పటికీ, లోకాన్ని వదిలి దైవస్మరణలో గడిపేవారి మఠాలను కూడా పరిరక్షించదగిన ఆరాధనాలయాల సరసనే దివ్య ఖుర్ఆన్ ప్రస్తావించింది. సిరియా వైపు సైన్యాన్ని పంపుతూ హజ్రత్ అబూబకర్ (రజి) చేసిన హితవులలో, ఆశ్రమాలలో ఏకాంతంగా ఉన్నవారి జోలికి పోవద్దన్నది ఒకటి. కనుక ఇతరుల ఆరాధనాలయాలకు జరిగిన అన్యాయాన్ని అన్యాయమనే చెప్పడం మన విధి.

రెండవ కారణం మరింత దగ్గరిది. ఆ మఠాల భూములు దాతలు దేవుని పేరిట శాశ్వతంగా విడిచిపెట్టినవి. మన భాషలో చెప్పాలంటే అవి వక్ఫ్ వంటివి. శాశ్వతమనుకున్న దానం నాలుగేళ్ళలో ఎలా మాయమైందో తెలుసుకోవడం వక్ఫ్ ఆస్తులున్న ప్రతి సమాజానికీ అవసరం.

మఠాలు ఏమి చేసేవి?

ఆనాటి ఇంగ్లండులో మఠం కేవలం ప్రార్థనా స్థలం కాదు. పూర్వపు రాజులు, జమీందారులు, వితంతువులు, సామాన్య రైతులు తమ భూములను, మిల్లులను, అద్దెలను మఠాలకు రాసి ఇచ్చారు. తమ ఆత్మల కొరకు నిత్యం ప్రార్థనలు జరగాలన్నది వారి ముఖ్యమైన కోరిక. దానితోపాటు పేదలకు అన్నం, బాటసారులకు ఆశ్రయం, రోగులకు సేవ, గ్రంథాలకు భద్రత ఆ ఆస్తులమీదనే నడిచేవి.

అన్ని మఠాలూ సక్రమంగా నడిచాయని మేము చెప్పడం లేదు. కొన్నింటిలో సన్యాసుల సంఖ్య పట్టుమని పదికి చేరేది కాదు. కొందరు మఠాధిపతులు ప్రభువులవలె విలాసంగా జీవించారు. 1535లో రాజు జరిపించిన ఆదాయ సర్వేను పరిశీలించిన అలెగ్జాండర్ సవీన్ అనే చరిత్రకారుడు, మఠాల ఆదాయంలో పేదల దానధర్మాలకు వెళ్ళినది మూడు శాతం లోపేనని 1909లో ప్రచురించిన తన గ్రంథంలో లెక్క తేల్చాడు. ఆ సర్వేలో దాతలు తప్పనిసరి చేసిన దానాలే లెక్కకు వచ్చాయి గాని గుమ్మంలో రోజూ పెట్టే అన్నం లెక్కకు రాలేదని తరువాతి పరిశోధకులు ఆ అంకెను పెంచారు. ఎంత పెంచినా ఒక సంగతి మిగులుతుంది. లోపాలున్నవి, వాటిని సరిదిద్దవలసిన పెద్దలు ఆలస్యం చేశారు. ఆ లోపాలే తరువాత రాజు చేతిలో ఆయుధాలైనవి.

మొదట తలుపు తెరిచినది ఇంటివారే

మఠాల మూసివేతకు అందరూ ఎనిమిదవ హెన్రీ రాజునే కారకునిగా చెబుతారు. అతనికి ముందే ఆ దారి వేసిన వ్యక్తి మరొకరున్నారు. ఆయన కార్డినల్ థామస్ వుల్జీ. కాథలిక్ చర్చిలో అత్యున్నత పదవి గలవాడు, రాజుకు ప్రధాన మంత్రి. ఆక్స్‌ఫర్డులో తన పేర ఒక గొప్ప కళాశాల, తన స్వస్థలమైన ఇప్స్‌విచ్‌లో ఒక పాఠశాల నిర్మించాలని ఆయన సంకల్పించాడు. వాటి ఖర్చు కొరకు 1524 మొదలు ఐదేళ్ళలో రెండు డజన్లకు పైగా చిన్న మఠాలను మూయించాడు. అందుకు పోప్ అనుమతి కూడా తెచ్చుకున్నాడు. విద్య మంచిదే. కాని ఒక దాత ఒక పనికి ఇచ్చిన ఆస్తిని మరొక పనికి మళ్ళించవచ్చునన్న పాఠం ఆ రోజున దేశానికి అందింది.

ఆ పనిలో వుల్జీకి కుడిభుజంగా ఉండి మఠాల పత్రాలు, కొలతలు, అమ్మకాలు చూసిన న్యాయవాది ఒకడున్నాడు. అతని పేరు థామస్ క్రామ్‌వెల్. వుల్జీ 1529లో పదవీచ్యుతుడైనాడు. క్రామ్‌వెల్ రాజు కొలువులో చేరి, నేర్చుకున్న విద్యను దేశమంతటా ప్రయోగించాడు.

రాజు, పోప్, ఖజానా

హెన్రీ తన రాణి కేథరిన్‌తో జరిగిన వివాహాన్ని రద్దు చేయమని పోప్‌ను కోరాడు. పోప్ ఏడవ క్లెమెంట్ అంగీకరించలేదు. దానితో రాజు పోప్ అధికారాన్నే కాదన్నాడు. ఇంగ్లండు చర్చికి భూమిమీద తానే అధిపతినని 1534లో పార్లమెంటు చేత చట్టం చేయించుకున్నాడు.

ఆ కాలంలో ఐరోపా అంతటా మతసంస్కరణ గాలి వీస్తున్నది. జర్మనీలో మార్టిన్ లూథర్ సన్యాస ప్రతిజ్ఞలకు దైవగ్రంథంలో ఆధారం లేదని వాదించాడు. స్వీడన్ రాజు గుస్తావ్ వాసా 1527లోనే మఠాల ఆస్తులపై చేయి వేశాడు. ఇంగ్లండులోనూ మఠాల అవసరం లేదని మనస్ఫూర్తిగా నమ్మిన సంస్కర్తలున్నారు. వారి నమ్మకాన్ని మేము శంకించము. అయితే రాజును నడిపినది ఆ నమ్మకమేనా? అతడు 1539లో చేయించిన ఆరు సూత్రాల చట్టం పాత కాథలిక్ విశ్వాసాలను చాలావరకు అలాగే నిలిపింది. సన్యాస ప్రతిజ్ఞ చేసినవారు పెళ్ళాడరాదని కూడా ఆ చట్టమే శాసించింది. అదే సంవత్సరం పెద్ద మఠాలను రాజుకు కట్టబెట్టే చట్టం కూడా వచ్చింది. అంటే ప్రతిజ్ఞ చెల్లుతుంది, ప్రతిజ్ఞ చేసినవారి ఇల్లు మాత్రం చెల్లదు! మఠాల నుండి వెళ్ళగొట్టబడిన సన్యాసినులు కాపురం చేసుకోవడానికీ వీలులేక, ఉండడానికి గూడూ లేక మిగిలారు.

మొదట లెక్క, తరువాత నింద

1535లో దేశంలోని చర్చి ఆస్తులన్నింటికీ ఆదాయపు జాబితా తయారైంది. ఏ మఠానికి ఏ ఊళ్ళో ఎంత భూమి, ఎంత కౌలు వస్తుందో అన్నీ రాజు బల్లమీదికి చేరినవి. అదే సంవత్సరం క్రామ్‌వెల్ మనుషులు రిచర్డ్ లేటన్, థామస్ లీ మొదలైనవారు మఠాలను తనిఖీ చేయసాగారు. కొన్ని వారాలలో వందల మైళ్ళు తిరిగి, ఒక్కొక్క చోట కొద్దిసేపు మాత్రమే నిలిచి, సన్యాసుల దుర్నడతను గురించిన నివేదికలను పోగు చేశారు.

వారి తీర్పు ముందే సిద్ధమై ఉన్నదనడానికి ఒక ఉదాహరణ చాలును. నార్తాంప్టన్‌షైర్‌లో కేట్స్‌బీ అనే చోట ఒక చిన్న సన్యాసినుల మఠం ఉండేది. 1536లో దాన్ని పరిశీలించిన స్థానిక పెద్దమనుషులు, అక్కడి స్త్రీలు భక్తి, క్రమశిక్షణ గలవారని, పేదలను ఆదుకుంటున్నారని, దానిని ఉంచవలసిందని వ్రాశారు. రాజు సంతోషించలేదు సరికదా, మీరు లంచం తిన్నారని వారినే అనుమానించాడు. ఆ మఠం మూతపడింది.

1536 చట్టం సంవత్సరాదాయం 200 పౌండ్లకు లోబడిన మఠాలను మాత్రమే రద్దు చేసింది. పెద్ద మఠాలలో ధర్మం చక్కగా సాగుతున్నదని ఆ చట్టం పీఠికలోనే ప్రశంస ఉన్నది. పాపానికీ పుణ్యానికీ సరిహద్దు సరిగ్గా 200 పౌండ్ల దగ్గర ఎలా వచ్చిందో వివేకవంతులు ఆలోచించుకోవచ్చు. వచ్చిపడే ఆస్తులను నిర్వహించడానికి ఒక ప్రత్యేక కచేరీ వెలిసింది. రాజు ఆదాయపు పెంపుదల అన్నదే దాని పేరులోని అర్థం.

ఉత్తరాది ప్రజల మొర

అందరూ మౌనంగా ఉండలేదు. 1536 అక్టోబరులో లింకన్‌షైర్‌లోనూ, ఆ వెంటనే యార్క్‌షైర్‌లోనూ ప్రజలు లేచారు. రాబర్ట్ ఆస్క్ అనే న్యాయవాది వారికి నాయకుడైనాడు. వారు తమ ఉద్యమాన్ని యుద్ధమని పిలువలేదు, పుణ్యయాత్ర అని పిలిచారు. దాదాపు ముప్పైవేల మంది డాన్‌కాస్టర్ సమీపంలో రాజసైన్యానికి ఎదురు నిలిచారు. రాజు పక్షాన వచ్చిన నార్‌ఫోక్ డ్యూక్ దగ్గర అంత బలం లేదు. అందుచేత క్షమాభిక్ష, పార్లమెంటు సమావేశం అంటూ వాగ్దానాలు చేశాడు. నమ్మిన ప్రజలు ఇళ్ళకు మరలారు. కొద్ది నెలలకే మరికొన్ని అలజడులను సాకుగా తీసుకొని రాజు మాట తప్పాడు. 1537 జులైలో ఆస్క్‌ను యార్క్ పట్టణంలో ఉరితీశారు.

విచారణలో ఆస్క్ ఇచ్చిన వాంగ్మూలం మిగిలి ఉంది. ఉత్తరాది మఠాలు పేదలకు పెద్దయెత్తున దానం చేసేవని, కొండలు, బీడు భూముల నడుమ ప్రయాణించేవారికి అవే ఆశ్రయమని, అక్కడ పండినది అక్కడే ఖర్చయ్యేదని, ఇప్పుడు కౌలు సొమ్ము దక్షిణానికి తరలిపోతున్నదని ఆయన వివరించాడు. ఇది కొలువులలో కూర్చొని వ్రాసిన మాట కాదు, ఆ నేల మీద బ్రతికిన మనిషి మరణానికి ముందు చెప్పిన మాట.

సంతకాలు, సీసం, గంటలు

ఆ తరువాత పెద్ద మఠాల వంతు వచ్చింది. ఒక్కొక్క మఠాధిపతి చేత స్వచ్ఛందంగా సమర్పిస్తున్నట్లు సంతకం చేయించారు. సంతకం చేసినవారికి భరణం దొరికింది. మఠాధిపతులకు మంచి మొత్తాలు ముట్టినవి. సామాన్య సన్యాసికి ఏడాదికి సుమారు 5 పౌండ్లు, సన్యాసినులకు అంతకంటే తక్కువ. భిక్షాటనతో జీవించిన ఫ్రయర్లకు చాలావరకు ఏమీ దక్కలేదు.

ఒప్పుకోనివారి గతి గ్లాస్టన్‌బరీలో కనిపించింది. అక్కడి మఠాధిపతి రిచర్డ్ వైటింగ్ వయోవృద్ధుడు. ఆయనను గ్లాస్టన్‌బరీలో విచారించి అక్కడే మరణదండన అమలు చేయాలని క్రామ్‌వెల్ తన గుర్తుల చీటీలో విచారణకు ముందే రాసుకున్నాడు. 1539 నవంబరు 15న ఆ వృద్ధుణ్ణి ఊరి పక్కనున్న కొండమీద ఉరితీశారు.

కట్టడాల నుండి మొదట తీసినది పైకప్పుమీది సీసం. అది అమ్ముడుపోయే లోహం. ప్రార్థనాశాలలోని చెక్క ఆసనాలనే పొయ్యిలో వేసి ఆ సీసాన్ని కరిగించిన సందర్భాలున్నవి. గంటలను దించి లోహానికి అమ్మారు. కప్పు పోయిన కట్టడం వానకు తడిసి తానే కూలుతుంది. ఫౌంటెన్స్‌లో నేడు కనిపించే ఆకాశం ఆనాటి వ్యాపారపు గుర్తు. 1540 మార్చి 23న వాల్థమ్ మఠం మూతపడడంతో ఆ పని పూర్తయింది. నాలుగు నెలలకు, జులై 28న, రాజాగ్రహానికి గురైన క్రామ్‌వెల్ తల కూడా తెగిపడింది.

పోయినవేమిటి?

లండనులో సెయింట్ బార్తొలొమ్యూ ఆసుపత్రి 1123లో స్థాపించబడినది. దాన్ని పోషించిన మఠం 1539లో రద్దయింది. రోగులు వీధులలో పడి ఉంటారని ముందే భయపడిన నగర మేయర్ రిచర్డ్ గ్రెషమ్, ఆసుపత్రులను నగరానికి అప్పగించమని 1538లో రాజుకు విన్నవించుకున్నాడు. బార్తొలొమ్యూ ఆసుపత్రిని నగరానికి ధర్మకర్తృత్వంతో అప్పగించడం హెన్రీ చివరి దినాలలో, 1546–47లో గాని జరగలేదు. మరొక పెద్ద ఆసుపత్రి సెయింట్ థామస్ 1540లో మూతపడి, 1551లో తిరిగి తెరుచుకొన్నది. ఆ పదకొండేళ్ళలో దాని గుమ్మానికి వచ్చి వెనుదిరిగిన రోగుల లెక్క ఏ కచేరీ పుస్తకంలోనూ లేదు.

పేదరికం మఠాల మూసివేతవల్లనే పుట్టిందనడం సరికాదు. జనాభా పెరగడం, ధరలు పెరగడం, సాగుభూములను గొర్రెల మేతకు కంచె వేసుకోవడం కూడా కారణాలే. కాని ఆకలిగొన్నవాడు తట్టే తలుపు ఒకటి పోయింది. దాని స్థానంలో వచ్చిన 1547 చట్టం, పనిలేక తిరిగేవాని శరీరంమీద వాత పెట్టి రెండేళ్ళు బానిసగా ఇవ్వమన్నది. ఆ చట్టం మూడేళ్ళు కూడా నిలువలేదు. పేదల పోషణకు ప్రతి ఊరూ పన్ను కట్టాలన్న ఏర్పాటు 1572లో మొదలై 1601 నాటికి గాని స్థిరపడలేదు. ఒక తరం మనుషులు ఆ మధ్యకాలంలో పుట్టి పోయారు.

గ్రంథాల సంగతి వింటే విద్యార్థి హృదయం కలుక్కుమంటుంది. యార్క్‌లోని అగస్టీనియన్ ఫ్రయర్ల గ్రంథాలయంలో ఆరు వందలకు పైగా సంపుటాలుండేవి. వాటిలో నేడు జాడ తెలిసినవి వేళ్ళమీద లెక్కించదగినవి. జాన్ బేల్ అనే రచయిత మఠాలకు బద్ధవిరోధి. అయినా ఆయనే 1549లో వాపోయాడు. దీపస్తంభాలు తోమడానికి, బూట్లు తుడవడానికి, అంగళ్ళలో పొట్లాలు కట్టడానికి పాత గ్రంథాల పుటలు వాడుతున్నారని, ఓడలకొద్దీ పుస్తకాలు విదేశీ జిల్దుగాళ్ళకు అమ్ముడుపోతున్నాయని ఆయన సాక్ష్యమిచ్చాడు.

ఆస్తి ఎందుకు తిరిగి రాలేదు?

ఇక్కడ మా దృష్టిలో అన్నింటికంటే ముఖ్యమైన విషయం వస్తుంది. హెన్రీ ఆ భూములను తన దగ్గర ఉంచుకోలేదు. ఫ్రాన్సుతో, స్కాట్లండుతో యుద్ధాలకు డబ్బు కావలసి వచ్చింది. 1547లో అతడు మరణించేనాటికి మఠాల భూములలో సుమారు మూడింట రెండు వంతులు అమ్మకానికో, కానుకలకో పోయినవి. కొత్తగా ఆరు బిషప్ పీఠాలు, కేంబ్రిడ్జ్‌లో ట్రినిటీ కళాశాల వంటివి ఏర్పడిన మాట నిజమే. అవి ఆ రాశిలో చిన్న భాగం. మిగిలినది ఎవరు కొన్నారు? ప్రభువులు, వ్యాపారులు, న్యాయవాదులు, ఊరి పెద్దలు. వారిలో పాత విశ్వాసాన్ని మనసులో నిలుపుకొన్న కాథలిక్కులూ ఉన్నారు. ఆసుపత్రుల కొరకు రాజును వేడుకున్న రిచర్డ్ గ్రెషమ్ 1540లో ఫౌంటెన్స్ మఠాన్ని, దాని భూములను తానే కొన్నాడు. ఒక చేత్తో పేదల కొరకు అర్జీ పెట్టాడు, మరొక చేత్తో పేదల దాతలు విడిచిన భూమికి పత్రం వ్రాయించుకున్నాడు.

1553లో హెన్రీ కుమార్తె మేరీ సింహాసనమెక్కింది. ఆమె నిష్ఠగల కాథలిక్కు. పోప్‌తో మళ్ళీ సఖ్యత కుదిరింది. ప్రార్థనలు పాత పద్ధతికి వచ్చినవి. భూములు మాత్రం రాలేదు. కొనుక్కున్నవారిని కదిలించబోమని హామీ ఇస్తేనే పార్లమెంటు సఖ్యతకు ఒప్పుకున్నది, పోప్ కూడా ఆ హామీ ఇవ్వవలసి వచ్చింది. మేరీ పునరుద్ధరించగలిగినవి వెస్ట్‌మినిస్టర్‌తో కలిపి అరడజను పైచిలుకు మఠాలు. వాటినీ ఆమె చెల్లెలు ఎలిజబెత్ 1559లో మూయించింది. సీయన్ మఠపు సన్యాసినులు దేశాలు పట్టి తిరిగి, 1594లో లిస్బన్ చేరి, 1861లో గాని స్వదేశానికి రాలేకపోయారు. విశ్వాసం కొన్నాళ్ళకైనా తిరిగి వచ్చింది. పంచుకొన్న సొమ్ము మాత్రం ఒక్కనాటికీ తిరిగి రాలేదు.

మన ఇంటి లెక్క

ఇస్లామీ ధర్మశాస్త్రంలో వక్ఫ్ ఆస్తిని అమ్మరాదు, కానుకగా ఇవ్వరాదు, వారసత్వంగా పంచుకోరాదు. హజ్రత్ ఉమర్ (రజి) ఖైబర్‌లోని తన భూమిని దైవప్రవక్త (స) సలహా మేరకు ఇలాగే విడిచిపెట్టారు. వక్ఫ్ చేసిన వ్యక్తి పెట్టిన షరతును ఉల్లంఘించరాదని ఫుఖహాలు గట్టిగా చెప్పారు. ఈ నియమాలు చదివినప్పుడు కొందరికి ఇవి మరీ కఠినమనిపించవచ్చు. ఇంగ్లండు చరిత్ర చదివినవారికి ఆ కాఠిన్యం వెనుకనున్న కారుణ్యం అర్థమవుతుంది. వుల్జీ వలె మంచి పనికే అంటూ షరతు సడలించిన రోజున, క్రామ్‌వెల్‌కు దారి దొరుకుతుంది.

చట్టం పుస్తకంలో ఉంటే చాలదు. రాజు ఒక్కడే అయినా అతనికి వేలమంది కొనుగోలుదారులు దొరికారు, అందుకే ఆ అన్యాయం శాశ్వతమైంది. కాబట్టి మనలో ప్రతి కుటుంబం తనను తాను ప్రశ్నించుకోవాలి. మస్జిదు దుకాణంలో బజారు అద్దెలో నాలుగో వంతు కట్టి ఏళ్ళ తరబడి కూర్చున్నవారు మనవారే కదా! ఖబ్రస్తాన్ హద్దురాయిని ఒక గజం జరిపి ఇంటి గోడ కట్టుకున్నవారు పరాయివారా? మదర్సా జమాఖర్చులు అడిగితే కోపగించుకునే ముతవల్లీ, వాటిని అడగడమే మరచిన జమాఅత్, ఇద్దరూ ఒకే పాపంలో భాగస్వాములు కారా? బయటివారి నింద అబద్ధమైనా, లెక్క చూపలేని సంస్థ దానిని త్రిప్పికొట్టలేదు. ఇంగ్లండు మఠాలకు జరిగినది ఇదే.

చేయదగిన పనులు చిన్నవే. ఏడాదికొకసారి జుమా రోజున మస్జిదు, మదర్సా లెక్కలను అందరికీ చదివి వినిపించాలి. వక్ఫ్ పత్రాల నకళ్ళు ఒకరి పెట్టెలో కాక పదిమంది దగ్గర ఉండాలి. ఈ చెట్టు, ఈ బావి, ఈ గది ఎవరు ఎందుకు ఇచ్చారో పిల్లలకు చెప్పాలి. దాత పేరు తెలిసిన పిల్లవాడు పెద్దవాడైన తరువాత ఆ ఆస్తిమీద చేయి వేయడానికి సిగ్గుపడతాడు. తక్కువ అద్దెకు అలవాటుపడినవారు ఈ నెల నుండే సరియైన అద్దె కట్టాలి. అది దానం కాదు, అప్పు తీర్చడం.

అమానతును అమానతుగా కాపాడే శక్తిని, ఇతరుల అమానతును గౌరవించే న్యాయబుద్ధిని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక. ఆమీన్.